తుఫాను మైదానం దాటించే మాయాద్వారం: మీ ఆటల్లో ఎలా పెట్టారు?

ఉరుములగడ్డ
మా టేబుల్‌టాప్ ఆటలో (బల్ల చుట్టూ కూర్చుని ఒకరు కథ నడిపిస్తుంటే మిగతావాళ్ళు పాత్రలుగా, పాచికలు వేస్తూ ఆడేది) కథ ఒక తుఫాను మైదానం అంచుకు చేరింది. అక్కడ గాలివాన ఎప్పుడూ ఆగదు, నడిచి దాటినవాళ్ళెవరూ లేరు. ఆటగాళ్ళకి వచ్చే వారం ఒక పాత యంత్రం దొరుకుతుంది. రాతి చట్రం, మధ్యలో రాగి చక్రం. తిప్పితే అవతలి గట్టున తేలతారు. నా టెన్షన్ ఒకటే: అది సరిగ్గా పనిచేస్తే ఇన్నాళ్ళూ కట్టుకొచ్చిన తుఫానుకి ఆటలో చోటే ఉండదు. పనిచేయకపోతే దొరికి ఏం లాభం? ఇలాంటిది ఆడించినవాళ్ళు, ఆడినవాళ్ళు మీకు ఏది కుదిరిందో చెప్పండి.

పాచికలరాణి
ఇలాంటి ఆటే అయిన డన్జన్స్ అండ్ డ్రాగన్స్ ఐదో ఎడిషన్‌లో టెలిపోర్ట్, అంటే క్షణంలో ఇంకో చోటికి చేర్చేది, ఏడో స్థాయి మంత్రం కదా. వెళ్ళే చోటు ఎంత బాగా తెలిస్తే గురి అంత బాగా కుదురుతుంది. తెలియకపోతే పాచిక వేసి పట్టిక చూడాలి. ఎక్కడో దూరంగా పడొచ్చు, చూడ్డానికి అలాగే ఉండే ఇంకో చోటికి పోవచ్చు, మరీ వికటిస్తే 3డి10 దెబ్బ, అంటే పది ముఖాల పాచికలు మూడు వేస్తే వచ్చిన మొత్తం. మేం ఆ పట్టికనే తుఫానుకి వాడాం. అందులో బాగా నచ్చింది పాచిక కాదు, దానికి ముందు జరిగే పని. 2014 రూల్స్ ప్రకారం, చేరాల్సిన చోటు నుంచి ఆర్నెల్లలోపు తెచ్చిన వస్తువు చేతిలో ఉంటే గురి తప్పదు. దాంతో మావాళ్ళు అవతలి గట్టు రాయి ఎవరి దగ్గరుందో వెతుక్కుంటూ ఊరంతా తిరిగారు. కథ అక్కడే ఊపందుకుంది.

రాత్రిబండి
నేను కంప్యూటర్ గేమ్ వైపు నుంచి చెప్తాను. వరల్డ్ ఆఫ్ వార్‌క్రాఫ్ట్ అనే ఆన్‌లైన్ గేమ్‌కి 2007లో వచ్చిన విస్తరణలో (కొత్తగా చేర్చిన భాగంలో) నెదర్‌స్టార్మ్ అని ముక్కలైపోయిన నేల ఉంది, ఆకాశమంతా మాయాశక్తి తుఫానే. అక్కడి ఏరియా 52 అనే ఊరికి చేర్చే పరికరం గోబ్లిన్ ఇంజనీరింగ్ అనే ఆటలోని విద్య నేర్చినవాళ్ళే చేసుకోగలరు. ఒకసారి వాడితే నాలుగు గంటలు ఆగాలి. అప్పుడప్పుడు వికటిస్తుంది కూడా. ఆ వికటించడమే నాకు ఇష్టం. ప్రతిసారీ గుండె దడదడలాడేది. మీరు కూడా పూర్తిగా నమ్మదగ్గ యంత్రం ఇవ్వకండి.

పాచికలరాణి
రాత్రిబండి గారూ, అక్కడ ఆ ఊరికి వేరే దారులున్నాయి, వికటించినా కథ ఆగదు. వీళ్ళకి ఇదొక్కటే దారి. ఉన్న ఒక్క దారినీ పాచిక మూసేస్తే ఆటగాళ్ళు చేతులు కట్టుకుని కూర్చోవాలి. ఈ విషయంలో నేను గట్టిగా ఒప్పుకోను.

మేఘమథనం
నిజం తుఫాను ఎలా ఉంటుందో చూస్తే రూల్స్ వాటంతటవే దొరుకుతాయి. పెద్ద తుఫాను మధ్యలో కన్ను ఉంటుంది. వెడల్పు సాధారణంగా 30 నుంచి 65 కిలోమీటర్లు. లోపల గాలి మెత్తగా ఉంటుంది, ఒక్కోసారి నీలాకాశం కూడా కనిపిస్తుంది. కానీ చుట్టూ ఉన్న గోడలోనే గాలి అన్నిటికంటే భయంకరం. మీ యంత్రం ఒక్క దూకులో అవతలి గట్టుకి కాకుండా ముందు కంటిలోకి, అక్కడున్న రెండో చక్రం దగ్గరికి, తీసుకెళ్ళాలి. కన్ను 40 కిలోమీటర్లు, తుఫాను గంటకి 20 కిలోమీటర్లు కదులుతోంది అనుకోండి. నడిమధ్యలో దిగినవాళ్ళకి గోడ మీదికి రావడానికి గంట టైమ్. ఆ గంటలో రెండో చక్రం బాగుచేసుకోవాలి. తుఫాను ఎక్కడికీ పోలేదు, యంత్రమూ పనిచేసింది.

ఇంకోటి, ఒత్తిడి. సముద్రమట్టం దగ్గర సగటు గాలి ఒత్తిడి 1013 హెక్టోపాస్కల్. 1979లో టైఫూన్ టిప్ అనే పసిఫిక్ తుఫానులో 870కి పడిపోయింది. అంటే బయట నుంచి అలాంటి కంటిలోకి క్షణంలో వెళ్తే, ఒక్కసారిగా సుమారు 1,250 మీటర్ల ఎత్తు ఎక్కినట్టు. చెవులు దిబ్బళ్ళు పడతాయి, నొప్పి పుడుతుంది. చేరగానే ఒకరి మాట ఒకరికి సరిగ్గా వినపడదు అని పెట్టండి. మా బల్ల దగ్గర మొదటి కొన్ని నిమిషాలు సైగలతోనే ఆడించాను, అందరికీ ఆ సన్నివేశం బాగా గుర్తుండిపోయింది.

దూరం మరీ ఎక్కువైతే భూభ్రమణం కూడా లెక్కలోకి వస్తుంది. భూమధ్యరేఖ దగ్గర నేల గంటకి సుమారు 1,670 కిలోమీటర్ల వేగంతో తిరుగుతుంది, 60 డిగ్రీల అక్షాంశం దగ్గర అందులో సగమే. ఆ తేడాని యంత్రం మింగేయాలి, లేకపోతే దిగినవాడు దిగినట్టే ఎగిరిపోతాడు. మీ మైదానం చిన్నదైతే దీన్ని వదిలేయండి.

గుటిక
మనవాళ్ళకి ఇది కొత్తేం కాదు. పెద్దన మనుచరిత్రలో ప్రవరుడికి సిద్ధుడిచ్చిన పాదలేపనం ఇలాంటి పరికరమే. కోరుకున్న హిమాలయానికి తీసుకెళ్ళింది, సరిగ్గా ఆ మంచుకే కరిగిపోయింది. అతను ఇల్లు చేరలేకపోవడం వల్లే కథంతా నడిచింది. అక్కడ అదృష్టం, పాచిక ఏమీ లేవు. ఏ చోటికి చేర్చిందో ఆ చోటే దాన్ని పాడుచేసింది. నేను రాస్తున్న కథలో ఇదే పట్టుకున్నాను: తీసుకెళ్ళే దారి గ్యారంటీ, తిరిగొచ్చే దారి తుఫాను చేతిలో. రాగి చక్రం పిడుగు పడి కరగొచ్చు, చట్రంలోకి నీళ్ళు దిగొచ్చు. పాచికలరాణి గారి అభ్యంతరానికి కూడా ఇది సమాధానం అనుకుంటున్నాను.

పాచికలరాణి
అవును, ఇది నాకు సమ్మతమే. చేరడం ఖాయం కాబట్టి కథ ఆగదు.

ఉరుములగడ్డ
కన్ను, గంట టైమ్, పాడయ్యే చక్రం మూడూ తీసుకుంటున్నాను. ఒక్క డౌట్. చక్రానికి శక్తి ఎక్కడిది? మంత్రం అని చెప్పి తేల్చేయడం నాకు ఇష్టం లేదు.

రాత్రిబండి
పిడుగు నుంచే తీసుకోండి. మెరుపు కనిపించాక ఉరుము వినపడేదాకా లెక్కపెట్టించండి. శబ్దం కిలోమీటరు దాటడానికి మూడు సెకన్లు పడుతుంది. ఆరు సెకన్లయితే రెండు కిలోమీటర్ల దూరం, చక్రం కదలదు. మూడులోపు అయితే తిరుగుతుంది. పక్కనే పడితే తిరుగుతుంది గానీ కరిగే ప్రమాదం. సెకన్లు ఆటగాళ్ళే పైకి లెక్కపెట్టాలి, మీరు బల్ల మీద చెయ్యి చరిచేదాకా.

మేఘమథనం
ఇది చాలా బాగుంది. ఒక్క సవరణ: కంటి లోపల మెరుపులు తక్కువే, గోడ వైపు ఎక్కువ. కాబట్టి మొదట్లో ఎంత లెక్కపెట్టినా చక్రం తిరగదు. గోడ దగ్గరయ్యేకొద్దీ శక్తి పెరుగుతుంది. ఎంతసేపు ఆగాలో వాళ్ళనే తేల్చుకోనివ్వండి.