దావత్‌కు సరుకు లెక్క: తలకో క్వార్టరా, గంటకో పెగ్గా?

కొత్తపేట_కుర్రాడు
రిటైర్మెంట్ పార్టీ. మే నెల, మొయినాబాద్ దగ్గర ఫాంహౌసు. ఆదివారం సాయంత్రం 7కి మొదలు, 10కి భోజనాలు. పిలిచింది 80 మందిని. తాగేవాళ్లు 50 దాకా తేలారు: హాట్ (విస్కీ, బ్రాందీ లాంటివి) 30, బీరు 20. సరుకు ఎంత తియ్యాలి అంటే ఒకరు "తలకో క్వార్టర్ (180 మి.లీ. సీసా) లెక్కేసి కళ్లు మూసుకుని తెచ్చెయ్" అంటున్నారు. ఇంకొకరు "గంటకో పెగ్గు, అంతకు మించి వద్దు" అంటున్నారు. రెండు లెక్కలూ వేసి చూస్తే ఎక్కడా పొంతన కుదరట్లేదు. అనుభవమున్నవాళ్లు తేల్చండి.

మల్కాజిగిరి_మామ
తలకో క్వార్టరే తమ్మీ. 180 ఇంటూ 50 అంటే 9000 మి.లీ., అంటే పన్నెండు ఫుల్లులు (750 మి.లీ. సీసాలు), సరిగ్గ ఒక కేసు. బీరు దానిమీదికెళ్లి వేరే. బీరోళ్లను గూడ హాట్ లెక్కల ఎందుకు కలుపుతరంటే, బీరుతోని మొదలువెట్టి ఎనిమిదిన్నరకు హాట్ కాడికొచ్చి నిలవడేటోళ్లు ప్రతి దావత్‌ల ఉంటరు. తక్కువపడితే రాత్రి తొమ్మిదిన్నరకు ఫాంహౌసుల నుంచి వైన్స్‌కు ఎవడు ఉరుకుతడు? మిగిల్తే మిగులుతది. మూత తియ్యని ఫుల్లు ఏమన్న పాలప్యాకెట్టా, తెల్లారెవరకు ఇరిగిపోనీకి?

లెక్కల_మాస్టారు
మామ గారూ, మీ క్వార్టర్ తప్పు కాదు, దాన్ని గుణించిన తలలు తప్పు.

క్వార్టర్ అంటే 180, అంటే మూడు లార్జి పెగ్గులు. ఇక గంటల లెక్క చూడండి. 7కి పిలిస్తే మొదటి గ్లాసు లేచేసరికి ఏడుంముప్పావు. 10కి బిర్యానీ హండా మూత తీస్తారు. మధ్యలో రెండుంబావు గంటలు. మొదటి గంటలో ఎవరైనా రెండు వేస్తారు, ఆ తర్వాత గంటకొకటి. మొత్తం మూడు, ఎక్కడో మూడుంబావు. అంటే మూడు గంటల పార్టీకి తలకో క్వార్టర్, గంటకో పెగ్గు, రెండూ ఒకే లెక్క. కుర్రాడికి పొంతన కుదరంది ఒకచోట 50తో, ఇంకోచోట 30తో గుణించినందుకు.

హాట్ తాగే 30 మంది, తలకు 3 పెగ్గులు: 90 పెగ్గులు. 60 మి.లీ. చొప్పున 5400 మి.లీ., 7.2 ఫుల్లులు. ఎనిమిది తెస్తే చాలు. కేసు తెస్తే నాలుగు ఫుల్లులు ఫాంహౌసు వాచ్‌మన్‌కి పండగ.

క్వార్టర్ లెక్క ఎక్కడ బోర్లా పడుతుందో కూడా చెప్తాను: భోజనం ఆలస్యమైనప్పుడు. 10కి అనుకున్నది 11 అయితే ఆ ఒక్క గంటలో 30 మందికి 30 పెగ్గులు, 1800 మి.లీ., దాదాపు రెండున్నర ఫుల్లులు అదనం. అందుకే ముందు అడగాల్సింది "ఎంతమంది?" అని కాదు, "బిర్యానీ ఎప్పుడు దింపుతారు?" అని. క్యాటరింగ్ వాళ్ల టైమే మీ సరుకు లెక్క.

మల్కాజిగిరి_మామ
మాస్టారూ, మీ 60 మి.లీ. కాగితం మీది 60. దావత్‌ల పోసేది చెయ్యి, మెజర్ కాదు. డిస్పోజబుల్ గ్లాసుల రెండు వేళ్ల ఎత్తు పోసి "స్మాలే" అంటడు, కొలిస్తే 80 ఉంటది. ఫుల్లుకు పన్నెండున్నర పెగ్గులు రావాలె, తొమ్మిది దాటవు. మీ 90 పెగ్గులే 80తోని గుణించి చూడుండ్రి.

లెక్కల_మాస్టారు
గుణించాను. 7200 మి.లీ., 9.6 ఫుల్లులు. చేత్తో పోస్తే పది, కొలిచి పోస్తే ఎనిమిది. ఇది ఒప్పుకుంటాను. అప్పుడు సమాధానం సరుకు పెంచడం కాదు. బల్ల దగ్గర ఒక మనిషిని నిలబెట్టి చేతికి 30/60 స్టీలు మెజర్ ఇవ్వండి. రెండు ఫుల్లుల ఖర్చు ముందు ఆ మెజర్ ఖరీదెంత?

గోదారోడు
మాస్టారండీ, లెక్క బాగానే ఉంది గానీ మెజర్ మాత్రం మా వైపు కుదరదండి. వచ్చిన చుట్టానికి మెజర్‌తో కొలిచి పోస్తే, పెళ్లి భోజనంలో అప్పడాలు లెక్కపెట్టి వేసినట్టే. తాగినోడు వారం మర్చిపోతాడు, కొలిచినోణ్ణి మాత్రం పదేళ్లు గుర్తుపెట్టుకుంటాడు. దానికి వేరే ఉపాయం ఉంది. పెద్ద గ్లాసులు బల్లమీద పెట్టకండి. 250 మి.లీ. గ్లాసు కింది భాగం వెడల్పు, అందులో 80 పోసినా అడుగున తడిలాగే కనిపిస్తుంది, చెయ్యి ఆగదు. సన్నగా పొడుగ్గా ఉండే 200 గ్లాసు పెడితే 60కే నిండుగా కనిపిస్తుంది. ఎవరినీ కొలిచినట్టు ఉండదు, పెగ్గు దానంతటదే తగ్గుద్ది.

బ్రాండ్ల సంగతి ఎవరూ ఎత్తలేదు. ఆరు బ్రాండ్లు తలా ఒకటి రెండు తెస్తే, అందరూ అడిగే విస్కీ ఎనిమిదింటికల్లా అయిపోద్ది, అడగని నాలుగు సగం సీసాలు పొద్దున్న మిగులుతాయి. సరుకు ఉండి కూడా "అయిపోయింది" అన్న మాట పడేది ఇక్కడే. విస్కీ ఒకటే రకం, కాస్త బ్రాందీ, ఒక వోడ్కా. చాలు. మా కోస్తా వాళ్లు ఎక్కువమంది వస్తుంటే బ్రాందీ వాటా పెంచండి.

ఐస్‌బాక్సు
అందరూ హాట్ పట్టుకుని కూర్చున్నారు. మే నెలలో పార్టీ చెడేది బీరు దగ్గర. బీరు తక్కువపడటం వల్ల కాదు, చల్లబడకపోవడం వల్ల. వెచ్చని బీరు ఎన్ని కేసులున్నా లేనట్టే లెక్క, ఆ ఇరవైమందీ హాట్ బల్ల మీద పడతారు, మాస్టారి ఎనిమిది ఫుల్లులు తొమ్మిదింటికి ఖాళీ.

ముందు పరిమాణం. 650 సీసాలు కేసుకు 12. తలకు మూడు అని 60 సీసాలు, అయిదు కేసులు తెస్తుంటారు. అది లైట్ బీరుకి సరే. స్ట్రాంగ్‌కి అంత అక్కర్లేదు. 7.5 శాతం స్ట్రాంగ్ సీసాలో ఆల్కహాల్ సుమారు 38 గ్రాములు. 42.8 శాతం విస్కీ 60 పెగ్గులో 20 గ్రాములు. అంటే ఒక స్ట్రాంగ్ సీసా ఇంచుమించు రెండు లార్జిలు. "నేను బీరే" అని మూడు స్ట్రాంగులు లాగినవాడు దాదాపు ఆరు లార్జిలు వేసినట్టు. కాబట్టి స్ట్రాంగ్ తలకు రెండు. సగం సగం కలిపి నాలుగు కేసులు, 48 సీసాలు.

ఇప్పుడు ఐసు. కేసు అంటే 7.8 లీటర్ల బీరు, దానితో పాటు సుమారు ఆరు కిలోల గాజు. డిక్కీలో 35 డిగ్రీలకు కాగిన సీసాల్ని 5 డిగ్రీలకు దించాలంటే మూడు కిలోల పైచిలుకు ఐసు పూర్తిగా కరగాలి. టబ్బు వేడి, బయటి గాలి, చేతులు పెట్టి తియ్యడం కలిపితే రెట్టింపు. కేసుకు ఆరు కిలోలు, నాలుగు కేసులకు 24. పొద్దున్నే ఫ్రిజ్‌లో పెట్టగలిగితే ఇందులో సగం చాలు.

ఎక్కువమంది చేసే తప్పు: టబ్బులో ఐసు పోసి పైన సీసాలు పేర్చడం. గడ్డ సీసాకి ఒక అంచునే తగులుతుంది, మిగతాదంతా గాలి, గాలి చల్లదనాన్ని మొయ్యలేదు. సీసా మెడదాకా నీళ్లు పోయాలి. నీళ్లు చుట్టూ పట్టుకుంటాయి, అరగంట నుంచి ముప్పావుగంటలో పని అయిపోతుంది. రెండు గుప్పెళ్ల రాళ్ల ఉప్పు వేస్తే ఇంకా తొందర, లేబుళ్లు మాత్రం ఊడొస్తాయి. తొందరపడి డీప్ ఫ్రీజర్‌లో పెట్టి మర్చిపోవద్దు. బీరు సున్నాకు రెండు మూడు డిగ్రీల కిందే గడ్డకడుతుంది, సీసా పగులుతుంది.

గ్లాసులోకి వేసే ఐసు వేరు. ఫ్యాక్టరీ దిమ్మ టబ్బుకే, నోట్లోకి కాదు. తినే క్యూబులు విడిగా తీసుకోవాలి: గ్లాసుకు 70 గ్రాముల చొప్పున 90 పెగ్గులకు ఆరు కిలోలు, కరుగుదల కలిపి 12. ఐసు మొత్తం అయిదింటికే దింపించుకోకండి. అయిదింటికి కొంత, ఎనిమిదిన్నరకు మిగతాది.

మల్కాజిగిరి_మామ
ఐస్‌బాక్సు తమ్మి మాట నూటికి నూరుపాళ్లు కరెక్ట్. నా కేసుల రెండు ఫుల్లులు తగ్గిస్తున్న. పది. అంతకు తగ్గ.

డాలస్_తెలుగు
ఇక్కడ ఇదే గొడవ వేరే రూపంలో. ఇక్కడి చార్టులు 1.5 ఔన్సుల పెగ్గు మీద వేస్తారు, అంటే 44 మి.లీ. 1.75 లీటర్ల పెద్ద సీసాకు 39 పెగ్గులు అని రాసుంటుంది. మనవాళ్లు పోసేది 60, కాబట్టి 29 మాత్రమే వస్తాయి. నెట్‌లో దొరికే అమెరికా క్యాలిక్యులేటర్లను మన పార్టీకి వాడితే నాలుగోవంతు పైగా తక్కువపడుతుంది. వైన్ తాగే ఆడవాళ్లుంటే 750 సీసాకు 5 గ్లాసులు.

పర్మిట్_రూము
సరుకెంత అన్నది తేల్చారు. అది ఫాంహౌసుదాకా ఎలా వెళ్తుంది? ఒక మనిషి దగ్గర ఎంత ఉండొచ్చో ఎక్సైజ్ వాళ్లకు పరిమితి ఉంది. పది ఫుల్లులు, నాలుగు కేసుల బీరు ఒక్కరే కారులో తెస్తే అది దాటినట్టే. ఎక్సైజ్ శాఖ దగ్గర ఆ రోజుకి ఈవెంట్ పర్మిట్ తీసుకోండి, సొంత ఫాంహౌసు అయినా సరే. కొన్న బిల్లులు దగ్గరుంచుకోండి. "గోవాలో చవక, హర్యానాలో చవక" అని పట్టుకొచ్చిన సీసాలు బల్ల మీద ఉండకూడదు. తెలంగాణలో సుంకం కట్టని సరుకు కింద, ఎన్‌డీపీఎల్ అని, కేసు రాస్తారు. పర్మిట్ ఉన్నా అది కాపాడదు. డ్యూటీఫ్రీ తెచ్చుకునే హక్కు ప్రయాణికుడికి రెండు లీటర్లే. 21 లోపు వాళ్లకు పోయకూడదు. తారీఖు డ్రై డే (మద్యం అమ్మని రోజు) పక్కన పడుతుందేమో కూడా చూసుకోండి. ఆదివారం పార్టీ కాబట్టి శనివారమే కొనిపెట్టుకుంటే మేలు.

ఇంకోటి. మొయినాబాద్ నుంచి సిటీకి తిరుగు ప్రయాణం ఉంది. బండి నడిపేవాళ్లకు పరిమితి వంద మి.లీ. రక్తంలో 30 మిల్లీగ్రాముల ఆల్కహాల్. శరీరం గంటకు ఏడెనిమిది గ్రాములే అరిగించుకుంటుంది, ఒక లార్జి దిగడానికే రెండున్నర మూడు గంటలు. మూడు లార్జిలు వేసి 10కి ఆపినవాడు 11కి స్టీరింగ్ పడితే దొరికినట్టే. నిమ్మరసం, పెరుగన్నం ఏవీ పనిచెయ్యవు. అయిదారుగురికి ఒక డ్రైవర్ చొప్పున ముందే మాట్లాడండి, ఆ ఖర్చు కూడా సరుకు ఖాతాలోనే రాసుకోండి.

గోదారోడు
మంచింగ్ ఎనిమిదింటికి కాదండి, మొదటి గ్లాసుతోనే రావాలి. ఉత్త కడుపుతో రెండు పడ్డాక ఎవడూ లెక్క వినడు. పల్లీలు, ఉడికించిన సెనగలు ముందే పెట్టెయ్యండి, చికెన్ ఫ్రై తర్వాత మెల్లగా రావచ్చు. కానీ మరీ కారం, ఉప్పు దట్టిస్తే బీరు లెక్క తప్పుద్ది.

కొత్తపేట_కుర్రాడు
అందరికీ థాంక్స్. రాసుకున్నది ఇది, తప్పుంటే దిద్దండి:

హాట్ పది ఫుల్లులు (విస్కీ 7, బ్రాందీ 2, వోడ్కా 1). బీరు నాలుగు కేసులు, లైట్ రెండు, స్ట్రాంగ్ రెండు. దిమ్మ ఐసు 24 కిలోలు, క్యూబులు 12. సోడా రెండు లీటర్ల సీసాలు నాలుగు. మంచినీళ్లు 20 లీటర్ల క్యాన్లు అయిదు. సన్న గ్లాసులు 100.

పదిలో ఆఖరి రెండు ఫుల్లుల బదులు ఎనిమిది క్వార్టర్లు తెస్తే, విప్పనివి తర్వాత వాడుకోవచ్చు కదా?

లెక్కల_మాస్టారు
ఆలోచన మంచిదే, లెక్కా సరిపోయింది, 1440 మి.లీ. కానీ క్వార్టర్లు జేబులో పడతాయి. బల్ల మీద పెట్టకుండా డిక్కీలో తాళం వేసి, ఎనిమిది ఫుల్లులూ ఖాళీ అయ్యాకే తియ్యండి.

ఐస్‌బాక్సు
సోడా రెండు లీటర్లవి వద్దు. మూత తీశాక గ్యాసు పోతుంది, సగం పారబోస్తారు. 90 పెగ్గుల్లో సగం సోడాతో అనుకున్నా, పెగ్గుకు 150 చొప్పున ఆరేడు లీటర్లు. 600 సీసాలు 12 తీసుకోండి, అవి కూడా టబ్బులోనే పెట్టండి. వెచ్చని సోడా పోస్తే ఐసు రెట్టింపు కరుగుతుంది.

గ్లాసులు 100 చాలవు. ఒకసారి కింద పెట్టిన గ్లాసు ఎవరిదో ఎవరికీ తెలియదు, కొత్తది తీస్తారు. తాగేవాళ్లకు తలకు మూడు, మిగతావాళ్లకు రెండు. 210.

మల్కాజిగిరి_మామ
బీరు ఓపెనర్లు రాయలే. నాలుగు తే, టబ్బుకు దారంతోని కట్టు. ఒకటే ఉంటే అది ఎనిమిదింటికి ఎవని జేబుల వడ్తదో వానికే తెల్వదు.