డయల్ మీద లైట్, హోమ్, థర్డ్... ఈ రేడియో 1946 దేనా?

ఇప్స్‌విచ్ కుర్రాడు:
ఆదివారం సంతలో పన్నెండు పౌండ్లకు ఒక వాల్వు రేడియో కొన్నాను. చెక్క పెట్టె, గాజు డయల్. దాని మీద లైట్, హోమ్, థర్డ్ అని రాసుంది. లైట్ అంటే బల్బు వెలిగే మర అనుకున్నాను, నవ్వకండి. అమ్మినాయన 1946 నాటిదని ఒట్టేశాడు. నమ్మొచ్చా? ఈ సాయంత్రం ప్లగ్గు పెడదామనుకుంటున్నా.

వాల్వు తాతయ్య:
ముందు ప్లగ్గు పెట్టొద్దు బాబూ! ముప్పై ఏళ్లు ఆకాశవాణి ట్రాన్స్‌మిటర్ దగ్గర పనిచేసి చెబుతున్నా. ఆ కాలపు సెట్లు కొన్నిటిలో లోపలి ఇనప చట్రానికే నేరుగా కరెంటు ఉంటుంది. కెపాసిటర్లు (కరెంటు దాచుకునే లోపలి భాగాలు) కూడా ఈపాటికి పోయుంటాయి. తెలిసినవాళ్లకి చూపించు.

ఇక నీ మూడు పేర్లు. అవి బీబీసీ స్టేషన్లు. హోమ్ యుద్ధం మొదలైన 1939 లో వచ్చింది, లైట్ 1945 జులైలో. థర్డ్ పుట్టింది 1946 సెప్టెంబరు 29 న. సాయంత్రం ఆరు నుంచి అర్ధరాత్రి దాకా సంగీత కచేరీలు, నాటకాలు, పండితుల ప్రసంగాలు. ఆ ఏడాదే జూన్‌లో రేడియో లైసెన్సు పది షిల్లింగుల నుంచి పౌండుకి పెంచారు. రేటు రెట్టింపు, ఆపైన పాండిత్యం! థర్డ్ అని ఉందంటే మీ సెట్టు 1946 కి ముందుది కాదు. తర్వాతది మాత్రం కావచ్చు. థర్డ్ పక్కన అంకె ఏదైనా ఉందా? అది స్టేషన్ తరంగం పొడవు, మీటర్లలో. 514 అయితే అమ్మినాయన మాట నిలబడొచ్చు.

రెడింగ్ కోడలు:
1946 అనగానే నాకు గుర్తొచ్చేది ఉమన్స్ అవర్. అక్టోబరు 7 మధ్యాహ్నం రెండింటికి, లైట్‌లో మొదలైంది. ఆడవాళ్ల కార్యక్రమానికి మొదటి వ్యాఖ్యాత ఎవరనుకున్నారు? అలన్ ఐవిమీ అనే మగాయన! మా అత్తగారికి చెబితే "మనకేం చెప్పాలో కూడా వాళ్లకే తెలుసు" అన్నారు.

ఇప్స్‌విచ్ కుర్రాడు:
టార్చి వేసి చూశా తాతయ్యా. దుమ్ము కింద 464 అని ఉంది. ఇప్పుడేమంటారు?

వాల్వు తాతయ్య:
అయితే 1950 తర్వాతదే. ఏ స్టేషన్ ఏ తరంగం మీద రావాలో దేశాలు కుదుర్చుకున్న కోపెన్‌హాగన్ ఒప్పందం ఆ ఏడు మార్చిలో అమల్లోకి వచ్చి ఐరోపా స్టేషన్లు చాలావరకు చోట్లు మారాయి. థర్డ్ 514 మీటర్ల నుంచి 464 కి జరిగింది. కనీసం నాలుగేళ్లు కలిపి అమ్మాడు ఆ సంతలో ఆయన.

కెపాసిటర్లు మార్పించాక ముల్లు ఆ 464 దగ్గరే పెట్టు. ఇప్పటి లెక్కలో 648 కిలోహెర్ట్జ్. మీ ఊరికి దగ్గర్లోని ఆర్‌ఫోర్డ్‌నెస్ నుంచి రేడియో కరొలిన్ వస్తుంది. 1964 లో ఓడ మీద నుంచి లైసెన్సు లేకుండా పాప్ పాటలు వేసిన స్టేషనే, ఇప్పుడు లైసెన్సుతో. పండితుల అరుగు మీద వాళ్లే కూర్చున్నారు.