ట్రూత్ టేబుళ్ల తర్వాత ఏ లాజిక్ పుస్తకం చదవాలి?

సున్నాచుట్టు:
నమస్కారమండీ. జేఎన్‌టీయూ కాలేజీలో సీఎస్‌ఈ చదివా. ఎంఎఫ్‌సీఎస్‌ అనే లెక్కల పేపర్‌కి ట్రెంబ్లే–మనోహర్ పుస్తకం, అందులో మొదటి అధ్యాయమే లాజిక్. ట్రూత్ టేబుళ్లు (ఒక వాక్యం ఎప్పుడు నిజమో, ఎప్పుడు అబద్ధమో చూపే పట్టికలు) గీశాం, ఆ వాక్యాల్ని రాసే పీడీఎన్‌ఎఫ్, పీసీఎన్‌ఎఫ్ అనే ప్రామాణిక రూపాలు బట్టీపట్టాం, గట్టెక్కాం. ఇవన్నీ ఎందుకని అడిగిన పాపాన పోలేదు.

ఇప్పుడు ఉద్యోగం చేసుకుంటూ గోడెల్ అనే తర్కశాస్త్రవేత్త నిరూపణ గురించి నాగెల్, న్యూమన్ రాసిన 'గోడెల్స్ ప్రూఫ్' చదివా. చిన్న పుస్తకం, రెండు ఆదివారాల్లో అయిపోయింది. ఆ ఊపులో మెండెల్సన్ రాసిన లాజిక్ పాఠ్యపుస్తకం కొని మొదటి అధ్యాయంలోనే చతికిలబడ్డా. 'ఏ అయితే ఏ' అన్నదాన్ని ఆయన ఐదు లైన్లలో నిరూపిస్తాడు! టేబుల్ గీస్తే రెండు వరసల్లో తేలేదానికి ఇంత తతంగమా?

ఇంకో సందేహం. గోడెల్ 1929 థీసిస్‌లో కంప్లీట్‌నెస్ (సంపూర్ణత) నిరూపించాడు, 1931లో ఇన్‌కంప్లీట్‌నెస్ (అసంపూర్ణత). రెండేళ్లలో మాట మార్చాడా?

గోదారిగట్టు:
మాట మార్చలేదు బాబూ, ఒకే పేరు రెండు వేరు సంగతులకి పెట్టారు. డిగ్రీ పిల్లలకి లెక్కలు చెప్పేదాన్ని, ఈ ప్రశ్న నన్నూ చాలాకాలం తినేసింది.

గ్రూప్ యాక్సియమ్‌లు తీసుకో. గ్రూపంటే రెండేసి వస్తువుల్ని కలిపే పద్ధతి ఉన్న గుంపు, యాక్సియమ్‌లంటే దానికి నిరూపణ లేకుండా ముందే ఒప్పుకునే నియమాలు. వాటి నుంచి 'ఏబీ, బీఏ ఎప్పుడూ సమానమే' అని నిరూపించగలవా? లేవు, ఎందుకంటే అలా కాని గ్రూపులున్నాయి. కాదని నిరూపించగలవా? అదీ కుదరదు, పూర్ణసంఖ్యల కూడికలో సమానమే కదా. అంటే ఆ యాక్సియమ్‌లు ఎటూ తేల్చలేవు. 1931 నాటి 'ఇన్‌కంప్లీట్' అంటే ఇదే. గ్రూపుల విషయంలో ఎవరూ ఉలిక్కిపడరు, కావాలనే అలా వదిలాం. మామూలు అంకగణితానికి మనం ఏ యాక్సియమ్‌ల పట్టిక రాసుకున్నా, అందులో వైరుధ్యం లేకపోతే, ఇదే గతి పడుతుందనడమే దెబ్బ. 1929 నాటిది వేరు: ప్రతి గ్రూపులోనూ నిజమయ్యే మాటకి, ఫస్ట్-ఆర్డర్ లాజిక్ భాషలో (గ్రూపులోని వస్తువుల గురించి 'అన్నిటికీ', 'ఏదో ఒకదానికి' అనగలిగే భాష) రాయగలిగితే చాలు, నిరూపణ ఉండి తీరుతుంది. లోటు నిరూపణ పద్ధతిలో లేదు, యాక్సియమ్‌లలో ఉంది.

టేబుల్ సంగతంటావా, 'అన్ని సంఖ్యలకీ' అనగానే వరసలు ఎన్ని గీస్తావు? అందుకే ఆ తతంగం.

మెండెల్సన్ పక్కన పెట్టి ఎండర్టన్ రాసిన లాజిక్ పుస్తకం పట్టుకో. ఆయన టాటాలజీలన్నిటినీ (టేబుల్లో అన్ని వరసల్లోనూ నిజమయ్యేవి) యాక్సియమ్‌లుగానే తీసేసుకుంటాడు, నీ ఐదు లైన్ల గోలే ఉండదు. నిరూపణ సంగతి రెండో అధ్యాయం నడిమిదాకా ఎత్తడు, ఈలోగా 'నిజం' అంటే ఏమిటో కుదురుకుంటుంది. 1.4 సెక్షన్‌లో ఇండక్షన్ (మొదటిదానికి చూపి, ఒకదాన్నుంచి తర్వాతిదానికి సాగించే నిరూపణ) మాత్రం దాటెయ్యకు.

ఖాళీగళ్లు:
ఎండర్టన్ కాస్త పొడిపొడిగా ఉంటాడు మేడమ్. ఒంటరిగా చదివేవాళ్లకి లియరీ, క్రిస్టియన్‌సెన్‌ల 'ఫ్రెండ్లీ ఇంట్రడక్షన్' మేలు, రెండో ఎడిషన్ పీడీఎఫ్ ఉచితం. కలకత్తా ఐఎస్‌ఐ (ఇండియన్ స్టాటిస్టికల్ ఇన్‌స్టిట్యూట్)లో పనిచేసిన ఎస్.ఎం. శ్రీవాస్తవ గారి పుస్తకం కూడా ఉంది గానీ, ఆల్జీబ్రా వచ్చుంటేనే దాని జోలికెళ్లండి.

సున్నాచుట్టు:
మేడమ్, ఏబీ, బీఏ సమానం కాని గ్రూపు అన్నారు కదా, దాని కోసం మూడు గ్లాసులు పెట్టి చూశా: పాలు, టీ, నీళ్లు. ముందు మొదటి రెండు చోట్లవీ మార్చి, తర్వాత చివరి రెండు చోట్లవీ మారిస్తే టీ, నీళ్లు, పాలు. తిరగేసి చేస్తే నీళ్లు, పాలు, టీ. టీ చల్లారిపోయింది గానీ విషయం తలకెక్కింది. పీడీఎఫ్ దించుకున్నా, ఎండర్టన్ సెకండ్‌హ్యాండ్‌లో వెతుకుతున్నా. మెండెల్సన్ ఎవరికైనా కావాలా? మొదటి ముప్పై పేజీలే నలిగాయి.