దర్శకుడు అంటూ ఒకరు లేకుండా సినిమా తియ్యొచ్చా?

వశిష్ఠ గట్టు (నర్సాపురం):
మా చుట్టుపక్కల ఊళ్లలో లేసు అల్లే ఆడవాళ్ల మీద చిన్న సినిమా తీద్దామని ఏడుగురం కలిశాం. దర్శకుడంటూ ఎవరూ వద్దు, కథ నుంచి ఎడిటింగు దాకా అందరం కూర్చుని తేల్చుకుందామని నా పట్టు. సగం మంది జరిగే పని కాదంటున్నారు. మీరేమంటారు?

కొబ్బరితోట (అమలాపురం):
జరగదండి. పెద్ద యూనిట్లు కోనసీమకొచ్చినప్పుడు అసిస్టెంటుగా చేశాను. ఆకుల సందుల్లోంచి పొద్దుటి వెలుతురు దిగేది కాసేపే. ఏ లెన్సు పెట్టాలని ఏడుగురు వాదించుకునేలోపు ఎండెక్కిపోతుంది. పంటు రేవు దాటే షాటు కావాలంటే ఒక్కరే యాక్షన్ చెప్పాలి. దాన్ని పెత్తనం అంటే ఎలాగండి?

సూది దారం (పాలకొల్లు):
తమ్ముడూ, యాక్షన్ రోజుకొకరు చెప్పుకోవచ్చు. అసలు పెత్తనం ఎడిటింగు దగ్గరుంటుంది. ఫ్రాన్సులో 1967లో బెజాన్సోన్ బట్టల నూలు ఫ్యాక్టరీలో సమ్మె జరిగింది. క్రిస్ మార్కర్, మారియో మారే దాని మీద తీసిన సినిమా చూసిన కార్మికుల్లో కొందరు, ఇది బయటివాళ్ల చూపని మొహం మీదే చెప్పేశారు. ఆ తర్వాత వాళ్లే కెమెరా పట్టారు. మెద్వెద్కిన్ బృందం అలా మొదలైంది. మన తెలుగులోనూ 1983లో యుగాంతర్ అనే ఆడవాళ్ల సినిమా బృందం, స్త్రీశక్తి సంఘటన అనే మహిళా సంఘం కలిసి ఇంట్లో హింస మీద 'ఇది కథ మాత్రమేనా' తీశాయి.

నర్సాపురం బాబూ, నాకు కావాల్సిన జవాబు ఒకటే. ఆ ఏడుగురిలో లేసు అల్లేవాళ్లు ఎందరు? ఏజెంటు నూలిచ్చి అల్లిక పట్టుకుపోయాక అది ఎవరు చేశారో కొన్నవాళ్లకి తెలీదు. సినిమాలోనూ వాళ్ల గతి అంతేనా?

కాలవ లాకు (కాకినాడ):
ఒక చట్టం సంగతి. 1957 కాపీరైటు చట్టం లెక్కన సినిమాకి కర్త నిర్మాత, దర్శకుడు కాదు. తెరమీద అందరి పేర్లూ వేసి, కాగితాల మీద నిర్మాతగా ఒక్కరినే పెడితే హక్కులు ఆ ఒక్కరివే. షూటింగుకి ముందే ఒప్పందం రాసుకోండి.

కొబ్బరితోట:
ఒప్పందం మంచిదేనండి, కాదన్ను. కానీ కేరళలో ఒడెస్సా అనే సినిమా బృందం సంగతేంటి? 1984లో మలయాళ దర్శకుడు జాన్ అబ్రహాం, మిత్రులు పెట్టారు. ఊరూరా చందాలెత్తి 1986లో 'అమ్మ అరియన్' తీశారు. డబ్బు జనానిది, దర్శకుడు మాత్రం ఆయనే. అందరి సినిమాకి ఒక్కరి చూపు అడ్డం కాలేదు కదా.

సూది దారం:
ఆ జనం చందా ఇచ్చారు, సినిమా చూశారు. ఏ సీను ఉండాలో తేల్చింది వాళ్లా? మన లేసు ఆడవాళ్ల బతుకే ఇక్కడ కథ. రఫ్ కట్, అంటే ఎడిటింగులో మొదటి కూర్పు, చూసి వాళ్లు ఇది తీసెయ్యండంటే తీసెయ్యాలి. వాళ్లు షూటింగుకొచ్చిన పూట అల్లిక ఆగుతుంది, కూలి పోతుంది. ఆ కూలి బడ్జెట్లో కెమెరా అద్దె కంటే పైన రాయండి.

వశిష్ఠ గట్టు:
ఆయ్, మాలో అల్లేవాళ్లు ఒక్కరూ లేరండి. ఏడుగురం అబ్బాయిలమే. ఈ వారం మావాళ్లతో తేల్చాల్సింది ముందు ఇదే. రఫ్ కట్ మీద వాళ్లదే చివరి మాటని ఒప్పందంలో పెడతాను. యాక్షన్ ఎవరు చెప్పాలన్నది వాళ్లొచ్చాక చూసుకుంటాం.