కమోగీ ఒక్కటే చాలా, గేలిక్ ఫుట్‌బాల్ కూడా ఆడాలా?

లిఫీగట్టు: ఐర్లండ్‌లో క్లబ్ కమోగీ (కర్రతో బంతిని కొట్టే ఆడవాళ్ల ఆట) ఆడే అమ్మాయి 18 దాటాక కూడా గేలిక్ ఫుట్‌బాల్ (బంతిని చేత్తోనూ కాలితోనూ ఆడే ఐరిష్ ఆట) కొనసాగించాలా? వదిలేయాలనే నేనంటాను. రెండింట్లోనూ జట్టుకు 15 మందే గానీ సంఘాలు వేరు. కమోగీది 1904 నాటిది, మహిళల ఫుట్‌బాల్‌ది 1974 నాటిది, ఎవరి క్యాలెండర్ వాళ్లదే. ఆటకు రెండు ప్రాక్టీసులు, ఒక మ్యాచ్ లెక్కేసినా వారానికి ఆరుసార్లు మైదానంలో ఉండాలి. జీతం పైసా లేదు, తెల్లారితే ఉద్యోగానికి పోవాలి.

పల్లెక్లబ్: లెక్క బాగుందండీ, ఊరిని మర్చిపోయారు. చిన్న పారిష్‌లో, అంటే ఒక చర్చి పరిధిలోని ఊళ్లో, రెండు జట్లకూ దాదాపు ఆ అమ్మాయిలే దిక్కు. నలుగురు మానేస్తే ఫుట్‌బాల్ జట్టు దిగదు, ఆ అలకలు కమోగీ దాకా వస్తాయి. కార్క్ కౌంటీ రీనా బక్లీ, బ్రీజ్ కార్కరీ రెండాటల్లో కలిపి చెరి 18 ఆల్ ఐర్లండ్ (జాతీయ ఛాంపియన్‌షిప్) సీనియర్ పతకాలు గెలవలేదా?

లిఫీగట్టు: పులిని చూసి నక్క వాత పెట్టుకున్నట్టుంది. వాళ్లది కౌంటీ స్థాయి, క్లబ్బుల నుంచి ఏరిన జట్టు.

మోకాలు: ఇద్దరూ అసలు సంగతి వదిలేశారు. మోకాల్లో ఏసీఎల్ అనే లిగమెంట్ తెగేది ఎక్కువగా ఎవరూ తగలకుండానే. పరుగులో చటుక్కున పక్కకు తిరిగినప్పుడో, ఎగిరి ఒంటికాలి మీద దిగినప్పుడో మోకాలు లోపలికి వంగుతుంది. ఆడవాళ్లకు ఈ ముప్పు మగవాళ్లకంటే ఎక్కువ. గేలిక్ అథ్లెటిక్ అసోసియేషన్ (జీఏఏ) వారి 'జీఏఏ 15' వార్మప్ ఇందుకే ఉంది: పావుగంట, వారానికి కనీసం రెండుసార్లు. ఆలస్యంగా వచ్చినవాళ్లు ముందు ఎగ్గొట్టేది దాన్నే. ఫుట్‌బాల్ ప్రాక్టీసు నుంచి పరుగున వచ్చే అమ్మాయే ఆ ఆలస్యమయ్యేది, కాళ్లు అలిసి ఉండేదీ ఆమెకే. సర్జరీ దాకా వెళ్తే కనీసం 9 నెలలు ఆట లేదు. ఆ తర్వాతైనా ఒంటికాలి గెంతులో దెబ్బతిన్న కాలు రెండోదానిలో 90 శాతమైనా రాందే దింపకూడదు.

పల్లెక్లబ్: ఒప్పుకుంటాను. అందుకే కోచ్‌లిద్దరికీ ఒకటే క్యాలెండర్ ఉండాలి. ఛాంపియన్‌షిప్ మ్యాచ్ ఉన్న వారం రెండో ఆట ప్రాక్టీసు ఉండదు, జిమ్ రెండాటలకూ కలిపి ఒక్కటే. ఫుట్‌బాల్ నెలల్లో ముందు పోయేది బంతిని తొలి తాకులోనే అదుపు చేసే నేర్పు. రోజూ 10 నిమిషాలు, 4 సైజు స్లిటర్‌ను (కమోగీ బంతి) హర్లీతో (ఆట కర్ర) గోడకు కొట్టి అందుకుంటే చాలు, కుడి ఎడమలు రెండూ.

లిఫీగట్టు: 2027కల్లా మగవాళ్ల ఆటలు చూసే జీఏఏ, ఈ రెండు సంఘాలూ ఒకటి కావాలన్నది లక్ష్యం. మ్యాచ్‌లు ఢీకొనడం ఆగితే నా వాదన సగం పోతుంది. ఈలోగా ఒకే శనివారం రెండూ పడితే? దయచేసి అమ్మాయినే తేల్చుకోమనకండి.

పల్లెక్లబ్: ఛాంపియన్‌షిప్ ముందు, లీగ్ తర్వాత. రెండూ ఛాంపియన్‌షిప్పే అయితే ఒకదాన్ని వాయిదా వేయమని క్లబ్ సెక్రటరీ అడగాలి. జనవరిలోనే రాసుకోవాల్సిన మాట ఇది, శుక్రవారం రాత్రి వాట్సాప్‌లో కాదు.