పక్క ఫ్లాట్‌లో అరుపులు వినిపిస్తే మనం కల్పించుకోవాలా?

తెల్లాపూర్_వాసి: మాది గేటెడ్ కమ్యూనిటీ. ఈమధ్య రాత్రి పదకొండు దాటాక పక్క ఫ్లాట్‌లో గిన్నెలు విసిరేసిన చప్పుడు, తర్వాత ఆమె ఏడుపు. పొద్దున స్కూల్ బస్సు దగ్గర పాప టై సరిచేస్తూ తనే నన్ను అడిగింది, "నిద్ర పట్టిందా అండీ?" అని. అసోసియేషన్ వాట్సాప్ గ్రూపులో కుక్కల మీద, పార్కింగ్ మీద మెసేజీలే మెసేజీలు. దీని ఊసు ఒక్కరూ ఎత్తరు. మీరైతే ఏం చేస్తారు?

పాత_సెక్రటరీ: మొగుడూ పెళ్లాల గొడవ, మధ్యలో దూరినవాడికే మాట పడుతుంది. మా బ్లాకులో ఒకసారి అడగబోతే "మా ఇంటి విషయం మీకెందుకు" అన్నది ఆవిడే.

లాయరమ్మ: ఆయన పక్కనే నిలబడి ఉంటే ఇంకేమంటుంది సార్? 2005 గృహహింస చట్టం 4వ సెక్షన్ చూడండి. బాధితురాలే రానక్కర్లేదు, విషయం తెలిసిన ఎవరైనా ఈ చట్టం కింద ప్రభుత్వం నియమించే రక్షణ అధికారికి (ప్రొటెక్షన్ ఆఫీసర్) చెప్పొచ్చు. మంచి ఉద్దేశంతో చెప్పినవాళ్ల మీద కేసు పడదు. 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో భర్త చేతిలో హింస ఎదురైందని చెప్పిన ఆడవాళ్లు తెలంగాణలో దాదాపు 37 శాతం, ఆంధ్రప్రదేశ్‌లో 30. వీళ్లంతా బస్తీల్లోనే ఉన్నారని, మన క్లబ్‌హౌస్ గేటు దాటి లోపలికి రారని అనుకుంటే మనకు హాయిగా ఉంటుంది, అంతే.

నల్లగండ్ల_అమ్మ: చట్టం సరే మేడమ్. పోలీసులు వచ్చి వెళ్లిపోయాక ఆ తలుపు వెనక ఉండేది ఆమే కదా! ఆమెను అడక్కుండా ఫిర్యాదు చేస్తే ఆ కోపమంతా ఆమె మీదే తీర్చుకుంటాడు. నేనైతే బెల్ కొట్టి పాల ప్యాకెట్ అడుగుతాను. 2008లో గృహహింస మీద వచ్చిన 'బెల్ బజావో' (బెల్ కొట్టండి) ప్రచారం చెప్పిందీ ఇదే. ఎవరో వింటున్నారని అతనికి తెలియాలి.

పాత_సెక్రటరీ: బెల్ వరకూ ఒప్పుకుంటా. పోలీసులు మాత్రం ఆమె అడిగితేనే.

లాయరమ్మ: ప్రాణం మీదికొచ్చిందనిపిస్తే ఎమర్జెన్సీ నంబరు 112కి ఫోన్ చేసేయండి. అప్పుడు అనుమతులేమిటి?

తెల్లాపూర్_వాసి: శుక్రవారం వాళ్ల నాన్న బెంగళూరు వెళ్తున్నాడని పాప చెప్పింది. ఆ రోజు ఆమెను కాఫీకి పిలుస్తాను. మహిళా హెల్ప్‌లైన్ 181 నంబరు నోటితోనే చెప్తా. వాట్సాప్‌లో పంపితే అతను చూస్తాడేమో.