తాకకుండా చూపిన ప్రేమ: ఇరాన్ తెరకు నిషేధం మేలు చేసిందా?

రీలుడబ్బా:
వారం రోజులుగా ఇరాన్ సినిమాలే చూస్తున్నాను. ఒక మాట అనిపించింది, తప్పయితే చెప్పండి. మన సినిమాల్లో రెండో పాటకే హీరో హీరోయిన్లు కౌగిలించుకుంటారు, చూసే మనకి ఏమీ అనిపించదు. అక్కడ వేలి కొస కూడా తగలదు, అయినా గుండె పట్టేస్తుంది. 1979 విప్లవం తర్వాత తెర మీద ఆడా మగా ఒకరినొకరు తాకకూడదన్నారు. ఇంట్లో సీనైనా సరే, ఆడవాళ్లు తల కప్పుకోవాల్సిందే.

మజీద్ మజీదీ ‘బారాన్’ (2001) చివర గుర్తుందా? మగపిల్లాడి వేషంలో కూలికొచ్చిన అఫ్ఘాన్ అమ్మాయి, ఆమెకి ఒక్క మాటా చెప్పుకోలేని లతీఫ్. ఆమె ఇంటిల్లిపాదీ స్వదేశానికి వెళ్లిపోయే రోజు. ఆమె చెప్పు బురదలో కూరుకుపోతే అతను తీసి పెడతాడు. బండి కదిలిపోయాక ఆమె అడుగు గుర్తులోకి వాన నీళ్లు చేరుతుంటాయి. బారాన్ అంటేనే వాన. కట్టడి లేకపోతే ఈ అడుగు గుర్తు పుట్టేదే కాదని నా వాదన.

గోదారిగట్టు:
నాదీ అదే మాట. కియరోస్తమీ ‘ఆలివ్ చెట్ల గుండా’ (1994) చివరి షాట్ చూడండి. ఎక్కడో దూరంగా పచ్చటి పొలంలో రెండు తెల్ల చుక్కలు. ఒకటి ముందు పోతోంది, రెండోది వెంటపడుతోంది. అమ్మాయి ఏం చెప్పిందో మనకి వినబడదు, అబ్బాయి పరుగున వెనక్కి వస్తాడు. ఒప్పుకుందా లేదా అని మా ఆవిడా నేనూ రాత్రి పన్నెండు దాకా వాదించుకున్నాం.

చీకటిగది:
నేను పెళ్లి ఫొటోలు తీస్తాను. ఇద్దరిని ఎంత దూరంలో నిలబెడితే ప్రేమ కనిపిస్తుందనేది నాకు రోజూ ఎదురయ్యే లెక్క. అందుకే ఈ వాదన ఒప్పుకోలేను.

పర్షియన్ బొమ్మకి స్పర్శ తెలియనిది కాదు. ఇరాన్‌ని ఏలిన సఫవీ రాజుల కాలపు చిత్రకారుడు రెజా అబ్బాసీ 1630లో వేసిన ప్రేమికుల బొమ్మ న్యూయార్క్ మెట్రోపాలిటన్ మ్యూజియంలో ఉంది. నెట్‌లో పెద్దది చేసి చూడండి. ఇద్దరి ఒళ్లూ ఒకే గీతలో కలిసిపోయి ఉంటాయి, ఏ చెయ్యి ఎవరిదో వెతుక్కోవాలి. నేను ఆ బొమ్మ ముందు ఒక సాయంత్రమంతా కూర్చున్నాను.

పర్షియన్ తొలి టాకీ ‘లోర్ అమ్మాయి’ 1933లో టెహ్రాన్‌లో విడుదలైంది. అది తయారైంది బొంబాయిలో, తొలి తెలుగు టాకీ తీసిన మన హెచ్.ఎం. రెడ్డి పని నేర్చుకున్న అర్దేషిర్ ఇరానీ కంపెనీలోనే. అదీ ప్రేమకథే. నాయికగా వేసిన రూహంగీజ్ సామీనెజాద్ ఆ తర్వాత వేధింపులు పడలేక జనానికి దూరంగా బతికింది. అప్పటికి ఈ రూల్స్ లేవు. అయినా తెర మీద ప్రేమించినందుకు శిక్ష ఆడమనిషికే పడింది.

ఇక రూల్ వల్ల పోయిందేమిటో కూడా చూడాలి కదండీ. భార్య తన ఇంట్లో, తన గదిలో, మొగుడి ఎదుట స్కార్ఫుతో ఉంటుంది. ఏ ఇంట్లో ఉంటారలా? తల్లి వేషం వేసినావిడ పెద్దయిన కొడుకు వేషం వేసినతన్ని దగ్గరికి తీసుకోకూడదు. తాకకుండానే ప్రేమని సూచించడం అంటే ఇదేనా? బలవంతాన చెప్పించిన అబద్ధం ఇది.

‘నాకిష్టమైన కేకు’ (2024) తీసినవాళ్లు ఆ అబద్ధం చెప్పనన్నారు. డెబ్బై ఏళ్ల వితంతువు ఒక టాక్సీ డ్రైవర్‌ని ఇంటికి పిలుస్తుంది. తల మీద గుడ్డ లేదు. ఇద్దరూ వైన్ తాగుతారు, డాన్స్ చేస్తారు. దర్శకులిద్దరి పాస్‌పోర్టులూ లాక్కున్నారు, బెర్లిన్ ఉత్సవానికి పోనివ్వలేదు. 2025లో సస్పెండెడ్ జైలు శిక్ష కూడా వేశారు. మనం ఇక్కడ కూర్చుని ‘నిషేధం కళకి మంచిదే’ అంటే, ఆ ఇద్దరికీ ఏం జవాబు చెబుతాం?

రీలుడబ్బా:
తల్లీ కొడుకుల సంగతి నాకు తట్టనే లేదండీ. అక్కడ మీ మాటే నిజం. కానీ నా అడుగు గుర్తుకి జవాబు రాలేదు. తాకే వీలుంటే మజీదీ అక్కడ కౌగిలే పెట్టేవాడేమో?

చీకటిగది:
పెట్టేవాడు కాదనే నా నమ్మకం. ఎందుకంటే ఆ దూరం సెన్సార్ కంటే ఎనిమిది వందల ఏళ్లు పాతది. 12వ శతాబ్దపు పర్షియన్ కవి నిజామీ కావ్యంలో యువరాణి షీరీన్ అసలు యువరాజు ఖుస్రోని చూడకముందే ప్రేమిస్తుంది. షాపూర్ అనే చిత్రకారుడు ఖుస్రో బొమ్మ గీసి, ఆమె చెలికత్తెలతో ఆడుకునే చోట పెడతాడు. ఆమె మనసు పారేసుకోవడం చూసి చెలికత్తెలు దాన్ని మాయం చేస్తారు. మర్నాడు ఇంకో బొమ్మ. అదీ పోతుంది. మూడోది వస్తుంది. మన దమయంతికి హంస ఎలాగో ఈమెకి ఆ బొమ్మ అలాగ. తర్వాత ఆమె నీళ్లలో స్నానం చేస్తుంటే ఖుస్రో దారిన పోతూ చూస్తాడు, ఎవరో తెలియక వెళ్లిపోతాడు. ఆ ఘట్టాన్ని తరతరాల చిత్రకారులు వేశారు.

మజీదీ అడుగు గుర్తు ఈ ఇంటి బిడ్డ అంటాను. అధికారులకి దాని మీద ఏ హక్కూ లేదు.

ఫొటోల్లోనూ అంతే. ఇరాన్ ఫొటోగ్రాఫర్ గోహర్ దష్తీ 2008 నాటి ‘ఈనాటి జీవితం, యుద్ధం’ వరుసలో ఒక జంట యుద్ధభూమిలో కాపురం చేస్తుంటుంది. పెళ్లి బట్టలతో పాడైపోయిన కారులో కూర్చుంటారు. ముళ్లకంచె మీద బట్టలు ఆరేస్తారు. మొహాల్లో ఏ భావమూ ఉండదు. ఇరాక్‌తో యుద్ధం నడిచిన రోజుల్లో పెరిగిన మనిషి ఆమె. ఆ బిగుసుకుపోవడం ఆమె కళ్లారా చూసినది.

చార్మినార్ చాయ్:
చిన్న సంగతి చెప్పి పోతాను. 2011లో తార్నాకలో మా పక్క ఫ్లాట్‌లో ఇరాన్ జంట ఉండేది, చదువుకోడానికి వచ్చారు. ఆమె ఒక మధ్యాహ్నం మా అమ్మనీ నన్నూ లోపలికి పిలిచి, తలుపు గడియ పెట్టి, పెళ్లి ఆల్బమ్ తీసింది. మొదటి ఫొటోలో ఇద్దరూ అద్దంలో కనిపిస్తున్నారు. వరుడు పెళ్లికూతుర్ని ముందు అద్దంలోనే చూడాలట. పాతబస్తీ పెళ్లిళ్లలోనూ ఇలాగే చూపిస్తారని అమ్మ అంది. రెండో ఫొటోలో ఆమె జుట్టు విరబోసుకుని, చిటికెన వేలు తేనెలో ముంచి అతని నోటికి అందిస్తోంది.

“స్టూడియోవాళ్లు ఈ రెండోది షోకేసులో పెట్టలేరు ఆంటీ” అంది. అమ్మ అద్దం ఫొటోనే మెచ్చుకుంటూ ఉంది. ఆమె మాత్రం పేజీ తిప్పకుండా తేనె ఫొటో మీదే చెయ్యి పెట్టుకుని కూర్చుంది.